రెండు వాయిదాల మధ్య బండి

చాసిస్ నంబరు అచ్చు తీయడం పెద్ద పనేమీ కాదు. ఇనుము మీద చెక్కిన చోటును గుడ్డతో తుడిచి, పల్చటి కాగితం ఆనించి, మెత్తని పెన్సిల్‌తో ఒకే వైపుకు రుద్దితే చాలు, నల్లటి గీతల మధ్య తెల్లగా ఒక్కొక్క అంకే తేలుతుంది. 22 ఏళ్లుగా కోర్టు గేటు పక్కన జిరాక్స్, టైపింగు దుకాణం నడుపుతున్నాను. ఇలాంటి అచ్చులు వందల కొద్దీ నా చేతి మీదుగా పిటిషన్లకు అతికాయి. కానీ నిరుడు అక్టోబరులో మా వీధి పిన్ని పికప్ బండి ముందు చక్రం పక్కన మోకాళ్ల మీద కూర్చుని అరగంట రుద్దినా, పదిహేడింటిలో పన్నెండే తేలాయి. మిగిలిన అయిదూ తుప్పు తినేసింది. వెనక తొట్టిలో, పట్టుకున్న రోజు మిగిలిపోయిన అల్లం బస్తా కుళ్లి మట్టిలో కలిసిపోయి, ఒక మూల పచ్చటి మొలక వేసింది.

ఆ బండి ఒక కేసులో సాక్ష్యం. సాక్ష్యానికి గుర్తింపు ఆ నంబరే. పదమూడు నెలలు ఠాణా ఆవరణలో ఉంచింది దాన్ని కాపాడటానికే. చెరిగిపోయింది కూడా అక్కడే.

ఈ సంగతి ఇప్పుడు రాయడానికి కారణం, పోయిన వారం నా దగ్గరకు టైపింగుకు వచ్చిన ఒక రివిజన్ పిటిషన్, అంటే కింది కోర్టు ఉత్తర్వును పరిశీలించమని పై కోర్టును అడిగేది. బండి వేరు, మనుషులు వేరు. అడిగింది మాత్రం అదే. మేజిస్ట్రేటు ఇచ్చిన బండి విడుదల ఉత్తర్వును కొట్టేయండి, అంతవరకు స్టే ఇవ్వండి అని. ఆ ఆఖరి పేరా దగ్గర నా వేళ్లు ఆగిపోయాయి. టైపు చేయకుండా పంపేయాలనిపించింది. చేశాను, అది నా పని. కానీ ఆ రాత్రి నుంచి మనసులో తిరుగుతున్న మాటలు ఎక్కడో ఒకచోట పెట్టాలి.

ఏ ఊరి కోర్టో, ఏ ఠాణాయో రాయను. రాస్తే అది నలుగురి మీద ఫిర్యాదు అవుతుంది. నేను మాట్లాడదలచుకున్నది ఒక అలవాటు గురించి.

పిన్ని బండి

మాది ఒడిశాలోని కొరాపుట్ జిల్లా. మా తాతగారు బొబ్బిలి వైపు నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడ్డారు. బజారులో ఒడియా, ఇంట్లో తెలుగు, పిటిషన్‌లో ఇంగ్లిషు. ఇక్కడి కక్షిదారుల్లో సగం మందికి వాళ్ల ఉత్తర్వులో ఏముందో తెలుగులో చెప్పేది నాలాంటి వాళ్లమే. ఠాణాలో ఉన్న బండిని కోర్టు తాత్కాలికంగా యజమానికి అప్పగించడాన్ని ఇక్కడ ‘జిమ్మా’ అంటారు. ‘జిమ్మా వచ్చిందా?’ అని అడిగితే బండి సంగతి అడిగినట్టు.

పిన్ని అంటే రక్తసంబంధం కాదు, వీధి వరుస. బాబాయి పోయాక ఆయన ఫైనాన్సులో తీసుకున్న పికప్‌ను అమ్ముకోకుండా డ్రైవరును పెట్టి నడిపించింది. సెమిలిగుడ వైపు అల్లం, క్యాబేజీ ఎత్తుకుని సుంకి ఘాట్ దిగి సాలూరు, అక్కడి నుంచి అవసరమైతే విజయనగరం. వచ్చేటప్పుడు ఉల్లిపాయలో, కిరాణా సరుకో. 2024 సెప్టెంబరులో ఒక సంత రోజున రెండు కుటుంబాల మధ్య కొట్లాట జరిగింది. కొట్టిన వాళ్లు పిన్ని బండి ఎక్కి పారిపోయారు. డ్రైవరును బెదిరించి ఎక్కారని పిన్ని మాట, డ్రైవరు వాళ్ల మనిషేనని దెబ్బలు తిన్న వాళ్ల మాట. ఏది నిజమో విచారణలో తేలాలి. పిన్ని ముద్దాయి కాదు. ఆ రోజు ఆమె ఇంట్లో అప్పడాలు ఒత్తుకుంటోంది. బండి మాత్రం సీజయింది.

మేజిస్ట్రేటు గారు నవంబరు మొదట్లో విడుదలకు ఉత్తర్వు ఇచ్చారు. నాలుగు లక్షల బాండు, అంతే మొత్తానికి ఒక జామీను. నాలుగు వైపుల నుంచి ఫోటోలు, పంచనామా. అమ్మకూడదు, రంగు మార్చకూడదు, అడిగిన రోజు బండి తెచ్చి కోర్టు ముందు నిలపాలి. ఏ లోపమూ లేని ఉత్తర్వు. జామీనుకు ముందు సాలూరు దగ్గర రెండెకరాలున్న ఆమె తమ్ముడు వచ్చాడు. వేరే రాష్ట్రం వాడు పనికిరాడన్నారు. అప్పుడు నా ఇంటి స్థలం పట్టా తీసుకెళ్లి నేను నిలబడ్డాను.

(ఇక్కడ ఒక్క మాట. జామీనుదారు కోర్టున్న జిల్లా వాడే అయి ఉండాలని పట్టుబట్టడం తగదని సుప్రీంకోర్టు 1978లోనే మోతీరామ్ కేసులో చెప్పింది. అది బెయిలు కేసు, తాపీ మేస్త్రీది. బస్తర్‌లోనో, పోర్ట్‌బ్లెయిర్‌లోనో అరెస్టయిన ఒక మలయాళీ, ఒక తెలుగువాడు అక్కడ ఆస్తులున్న జామీనుదారును ఎక్కడి నుంచి తెస్తాడని జస్టిస్ కృష్ణయ్యర్ అడిగారు. బస్తర్ మాకు పక్క జిల్లా. ఆ ప్రశ్న మా గేటు ముందు రోజూ నిలబడే ఉంటుంది.)

కాగితాలన్నీ తీసుకుని ఠాణాకు వెళ్లేలోగా అవతలి వాళ్లు సెషన్స్ కోర్టులో రివిజన్ వేశారు. మొదటి రోజే స్టే వచ్చింది, ‘తదుపరి వాయిదా వరకు’ అని.

‘కోర్టు మనకే ఇచ్చింది కదా బాబూ, మళ్లీ ఎవరిని అడగాలి?’ అంది పిన్ని.

తెలుగులో వాయిదా అన్న మాటకు రెండు అర్థాలున్నాయి. ఫైనాన్సుకు నెలనెలా కట్టేదీ వాయిదాయే, కోర్టు ఇంకో రోజుకు వేసేదీ వాయిదాయే. ఆ పది నెలలూ పిన్ని ఈ రెండింటి మధ్యే బతికింది. మొదటిది నెల ఐదో తారీఖున తప్పకుండా వచ్చేది, పదకొండు వేల నాలుగు వందలు. రెండోది ఒకసారి కింది కోర్టు రికార్డు రాలేదని, ఒకసారి న్యాయమూర్తి సెలవులో ఉన్నారని, ఒకసారి వకీలు గారు గడువు అడిగారని, ఒకసారి బదిలీ అని జరుగుతూ పోయింది. మెడలోని గొలుసు ఫిబ్రవరిలో తాకట్టుకు వెళ్లింది. డ్రైవరు జీతం లేక సునాబెడలో వేరే బండి ఎక్కాడు. సెప్టెంబరులో ఒక రోజు ఇరవై నిమిషాల వాదన జరిగింది. రివిజన్ కొట్టేశారు. కారణం: విడుదల ఉత్తర్వు మధ్యంతర ఉత్తర్వు, అంటే కేసు తేలేలోగా నడుమ ఇచ్చేది, దాని మీద రివిజన్ చెల్లదు.

ఆ ఒక్క వాక్యం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. వినడానికే వీల్లేని పిటిషన్ మీద పది నెలలు స్టే నడిచింది. చెల్లదన్న సంగతి మొదటి రోజూ తెలుసుకోగలిగిందే.

గడువు ఎవరికి ఉంది, ఎవరికి లేదు

ఠాణాల్లో బండ్లు కుళ్లబెట్టవద్దని సుప్రీంకోర్టు చెప్పి ఇరవై ఏళ్లు దాటింది. 2002 నాటి సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసు మా గేటు దగ్గర టీ కొట్టు అబ్బాయికి కూడా నోటికి వచ్చు, ప్రతి జిమ్మా పిటిషన్‌లోనూ దాని పేరు ఉంటుంది కాబట్టి. ఆ కేసు పుట్టిందే గుజరాత్‌లో ఠాణాలో ఉంచిన వస్తువులను కొందరు పోలీసులు మార్చేశారు, వాడుకున్నారు అన్న ఆరోపణ నుంచి. సీజైన వాహనాలను ఎక్కువ కాలం ఠాణాల్లో ఉంచడం వల్ల ప్రయోజనం లేదని, తగిన బాండు, పూచీకత్తు తీసుకుని మేజిస్ట్రేటు వెంటనే ఉత్తర్వులు ఇవ్వాలని అందులో చెప్పారు. 2010లో జనరల్ ఇన్సూరెన్స్ కౌన్సిల్ కేసులో మళ్లీ అవే మాటలు గుర్తు చేయాల్సి వచ్చింది.

క్రిమినల్ కేసులు ఎలా నడపాలో చెప్పే కొత్త చట్టం, 2024 జూలై 1 నుంచి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత, ఇంకో అడుగు వేసింది. 497వ సెక్షన్ ప్రకారం, కోర్టు ముందుకు వచ్చిన వస్తువు వివరాల పట్టిక 14 రోజుల్లో తయారు కావాలి. ఫోటోలు, అవసరమైతే వీడియో తీయాలి, వాటిని విచారణలో సాక్ష్యంగా వాడుకోవచ్చు. ఆ పట్టిక తయారైన 30 రోజుల్లో వస్తువును ఏం చేయాలో ఉత్తర్వు రావాలి. ఈ సెక్షన్ చదివిన రోజు నాకు నిజంగా సంతోషం కలిగింది.

కానీ గడువులన్నీ మొదటి ఉత్తర్వు వరకే. ఆ ఉత్తర్వును పై కోర్టు పరిశీలించడానికి గడువు ఎక్కడా లేదు. 438వ సెక్షన్ పై కోర్టుకు రికార్డు తెప్పించుకునే అధికారం ఇచ్చింది, ఉత్తర్వు సరైనదా, చట్టబద్ధమా, సముచితమా అని చూడమంది. ఎన్నాళ్లలో చూడాలో చెప్పలేదు. నలభై నాలుగు రోజుల్లో తేలాల్సిన దాన్ని కింది కోర్టు తేల్చినా, పైన ఒక్క స్టే పడితే బండికి మళ్లీ కాలమే లేదు. చట్టం ముందు తలుపు దగ్గర గడియారం పెట్టి, వెనక గదిలో పెట్టడం మరిచిపోయింది. స్టే కాగితాలు వెళ్లేది ఆ వెనక గదికే.

రివిజన్ తీసేయమన్నాను, తర్వాత మాట మార్చుకున్నాను

కోపంలో నా మొదటి అభిప్రాయం తేలికైనది. విడుదల ఉత్తర్వుల మీద రివిజన్ అనేదే ఉండకూడదు. మధ్యంతర ఉత్తర్వుల మీద రివిజన్ లేదని పాత చట్టమైన 1973 క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో కొత్తగా చేర్చిందే కేసులు సాగకుండా చూడటానికి. ఇప్పటి సంహితలోనూ ఆ మాట అలాగే ఉంది. మొదటి రోజే పిటిషన్ తిప్పి పంపితే పిన్ని గొలుసు పిన్ని మెడలోనే ఉండేది.

మా దుకాణానికి ఎదురుగా చింతచెట్టు కింద కూర్చునే పెద్ద వకీలు గారితో ఇదే అన్నాను. ఆయన పర్లాకిమిడి మనిషి, నలభై ఏళ్ల ప్రాక్టీసు, తొందరపడి మాట్లాడరు. ‘నువ్వు తలుపు మూయమంటున్నావు. అది ఎవరి ఇంటి తలుపో చూసుకున్నావా?’ అన్నారు.

చూసుకోలేదు. చూపించింది ఒక పరజా గిరిజన అబ్బాయి. నందపూర్ వైపు కొండ మీది ఊరు. విజయనగరంలో కూలికి వెళ్లినప్పుడు అక్కడ ఒక మనిషి దగ్గర పాత మోటారు సైకిలు కొన్నాడు. ఏపీ-35 నంబరు. డబ్బు ఇచ్చాడు, స్టాంపు కాగితం మీద సంతకం తీసుకున్నాడు, ఆర్‌సీ పేరు మారలేదు. మా సరిహద్దులో ఇలాంటి బండ్లు లెక్కలేనన్ని. అక్కడి ఆఫీసు నుంచి అభ్యంతరం లేదన్న పత్రం తేవాలి, ఇక్కడ పన్ను కట్టాలి, కొత్త నంబరు వేయించాలి. కూలి మనిషికి అది మూడు రోజుల పని నష్టం, అయిదారు వేల ఖర్చు. తనిఖీలో దొంగ బండి అన్న అనుమానంతో పట్టుకున్నారు. దొంగతనం జరిగినట్టు ఏ ఫిర్యాదూ లేదు. జిమ్మాకు వేస్తే, ఆర్‌సీ నీ పేరు మీద లేదు కాబట్టి ఇవ్వం అన్నారు. 503వ సెక్షన్ అడిగేది ఆ వస్తువు ఎవరి స్వాధీనంలో ఉండటానికి హక్కు ఉందని, ఆర్‌సీలో పేరెవరిదని కాదు. ఉత్తర్వులో తప్పుంది. దిద్దించుకోవడానికి సెషన్స్‌లో రివిజన్ వేశాడు. అది కూడా చెల్లలేదు, మధ్యంతర ఉత్తర్వు కనుక.

పిన్నికి పది నెలలు ఆలస్యంగా దొరికిన న్యాయమూ, ఆ అబ్బాయికి వెంటనే జరిగిన అన్యాయమూ ఒకే వాక్యంలోంచి వచ్చాయి.

ఇక మిగిలింది కటక్‌లోని హైకోర్టు. ఇక్కడి నుంచి 500 కిలోమీటర్లకు పైనే. హీరాఖండ్ ఎక్స్‌ప్రెస్‌లో రాత్రంతా కూర్చుని భువనేశ్వర్ చేరి, అక్కడి నుంచి కటక్ పోయి, తెలియని వకీలుకు ఫీజు ఇచ్చి, ముప్పై వేల విలువ చేయని బండి కోసం పోరాడమని ఎవరైనా ఎలా చెబుతారు? ఆ అబ్బాయి నవ్వి, సాయంత్రం బస్సుకు కొండెక్కిపోయాడు.

ఆ రోజు నుంచి రివిజన్ ఉండకూడదన్న మాట నేను అనడం లేదు. చట్టం చదివిన వాళ్ల మధ్య కూడా దీని మీద ఏకాభిప్రాయం లేదు. కొన్ని హైకోర్టులు చెల్లదన్నాయి, కొన్ని చెల్లుతుందన్నాయి. 1977లో మధు లిమాయే కేసులో సుప్రీంకోర్టు, ప్రతి ఉత్తర్వూ అయితే తుది లేకపోతే మధ్యంతరం అన్నట్టు రెండే గదులు ఉండవని, రెంటికీ నడుమ ఇంకో రకం కూడా ఉందని చెప్పింది. నా చదువు అంత లోతుకు దిగదు. నాకు తెలిసిందల్లా పిన్ని బండి ఆగిన పది నెలలు మళ్లీ రావు. ఆ బాడుగలు రావు. తుప్పు తిన్న అయిదు అంకెలు రావు. తీర్పు రోజున ఎంత గొప్ప న్యాయం జరిగినా వెనక్కి ఇవ్వలేని దాన్ని తీసుకుపోయే ఉత్తర్వును నడిమి మజిలీ అనడానికి నాకు నోరు రావడం లేదు. అది ఒక హక్కును తేలుస్తోంది. కాబట్టి దాన్ని దిద్దే చోటు దగ్గరలో ఉండాలి, జిల్లాలోనే ఉండాలి, బండి పోయిన వాడికైనా, బండి వదిలారని భయపడే వాడికైనా.

రెండు తప్పులు సమానం కావు

తలుపు తెరిచే ఉంచాలి. సరే. లోపలికి వెళ్లాక పై కోర్టు ఏం చూడాలన్నది అసలు ప్రశ్న.

మేజిస్ట్రేటు రెండు రకాలుగా తప్పు చేయవచ్చు. ఇవ్వకూడని బండి ఇచ్చేయవచ్చు, ఇవ్వాల్సిన బండి ఆపేయవచ్చు. మొదటి తప్పుకు మందు ఉత్తర్వులోనే ఉంది. రేపు తెమ్మంటే తేవాలి. తేకపోతే బాండు జప్తు, జామీనుదారు మీద వసూలు. ఇంకా అనుమానముంటే బాండు పెంచవచ్చు, ఇంకో జామీను అడగవచ్చు, నెలకోసారి ఠాణాలో చూపించమనవచ్చు. రెండో తప్పుకు మందు లేదు. ఠాణాలో ఎండకు పగిలిన టైరుకు, పాడైన బ్యాటరీకి, కట్టిన వడ్డీకి ఎవరూ పరిహారం ఇవ్వరు. 1977లో బసవ్వ పాటిల్ అనే మైసూరు రాష్ట్రపు స్త్రీ కేసులో, ఠాణాలో ఉంచిన నగలు పోతే వాటి విలువ ప్రభుత్వం చెల్లించాలని సుప్రీంకోర్టు చెప్పింది. నగ పోతే పోయిందని తెలుస్తుంది. బండి పోదు, అక్కడే ఉంటుంది, కళ్ల ముందే రోజుకింత చచ్చిపోతుంది. దానికి లెక్క కట్టమని అడిగే పిటిషన్ ఈ 22 ఏళ్లలో నా చేత ఎవరూ టైపు చేయించలేదు.

అందుకే విడుదల ఉత్తర్వును పరిశీలించే కోర్టు, మొదట నేనైతే ఏం చేసేవాడిని అని కాకుండా, పిలిచిన రోజు ఈ బండి వస్తుందా, వచ్చినప్పుడు ఇది అదే బండి అని గుర్తుపట్టగలమా అని అడగాలి. ఈ రెండింటికీ ఉత్తర్వులో జవాబు ఉంటే వదిలేయాలి. లేకపోతే ఆ జవాబును ఉత్తర్వులో చేర్చాలి. యజమాని మంచివాడా కాదా, డ్రైవరు అబద్ధం చెబుతున్నాడా అన్నవి విచారణలో తేలాల్సినవి. పిన్ని కేసులో అవతలి వాళ్ల రివిజన్ ఎనిమిది పేజీలుంటే, ఏడు పేజీలు ఆ రోజు సంతలో ఎవరు ఎవరిని కొట్టారన్నదే. బండి తిరిగి వస్తుందా అన్న దాని మీద ఒక్క పేరా, అందులోనూ ‘రాకపోవచ్చని భయంగా ఉంది’ అన్న ఒక్క వాక్యం.

ఆ భయానికి జవాబుగా నిలబడింది నేను. ఇది ఎవరూ మాట్లాడరు. బండి రాకపోతే పోయేది నా ఇంటి స్థలం. పిన్ని బండి అమ్మేసుకుంటుందేమోనన్న ప్రశ్న కోర్టు కంటే ముందు నా భార్య నన్ను అడిగింది. ఆలోచించే సంతకం పెట్టాను. ఒక మనిషి తన ఇల్లు పణంగా పెట్టి ఇచ్చిన మాట పక్కన, ‘భయంగా ఉంది’ అన్న మాటకు పది నెలల స్టే బరువు ఎక్కడి నుంచి వచ్చిందో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

గంజాయి మాటేమిటి

మా వైపు గురించి తెలిసిన వాళ్లు ఇప్పటికే ఇది అడుగుతూ ఉంటారు. అడగాలి కూడా. మల్కన్‌గిరి, కొరాపుట్ కొండల నుంచి గంజాయి దిగేది ఇవే ఘాట్ రోడ్ల మీదుగా. అల్లం బస్తాల కింద, క్యాబేజీల కింద, గ్యాసు బండల మధ్య. వదిలేస్తే నంబరు ప్లేటు మార్చుకుని మళ్లీ అదే దారి పట్టే బండ్లు ఉన్నాయి. పోలీసులు అందరూ కావాలని బండ్లు ఆపుతారని నేను అనను. నాకు తెలిసిన ఒక ఐఐసీ, అంటే ఇక్కడ ఠాణాకు పెద్ద, ఒకసారి తన ఆవరణ చూపించి అన్నాడు: ‘ఇవన్నీ పోతే నాకే హాయి. రాత్రి డీజిలు దొంగలకు కాపలా కాయలేక చస్తున్నాం. కానీ రేపు వదిలిన బండి ఇంకో జిల్లాలో సరుకుతో దొరికితే సంజాయిషీ అడిగేది నన్ను.’ ఆయన మాట తోసిపుచ్చలేను.

మాదకద్రవ్యాల కేసులో విడుదల ఉత్తర్వు ఇచ్చేదే సెషన్స్ స్థాయి ప్రత్యేక కోర్టు. కాబట్టి దాన్ని పరిశీలించాలంటే కటకే. అక్కడ ఇచ్చినా ఆపినా, మా ఊరి మనిషికి దూరం ఒకటే.

2025 జనవరిలో అస్సాం లారీ కేసులో, విశ్వజిత్ దే కేసు అది, సుప్రీంకోర్టు మాదకద్రవ్యాల చట్టం కింద కూడా తాత్కాలిక విడుదలకు అడ్డు లేదని స్పష్టంగా చెప్పింది. అందులో లారీ ఎక్కిన ఒక మనిషి దగ్గర సబ్బు పెట్టెల్లో హెరాయిన్ దొరికింది. యజమాని ముద్దాయి కాదు. ఠాణాలో ఆరుబయట పడి ఉంటే విలువ తరిగిపోవడం తప్ప ప్రయోజనం లేదని, వదిలితే యజమానికి బతుకుతెరువు, అప్పు ఇచ్చిన వాళ్లకు వసూలు, జనానికి సరుకు మోసే ఒక బండి ఉంటాయని రాశారు. ఆ పేరా నేను మూడుసార్లు చదివాను. మా పిన్నిని చూసి రాసినట్టే ఉంది.

అదే తీర్పు నాలుగు రకాల పరిస్థితులు చెప్పింది. సరుకు యజమాని దగ్గరే దొరకడం, యజమాని పెట్టుకున్న డ్రైవరో క్లీనరో దగ్గర దొరకడం, దొంగిలించిన బండిలో దొరకడం, యజమానికీ డ్రైవరుకీ తెలియకుండా ఎక్కిన మూడో మనిషి దగ్గర దొరకడం. చివరి రెండింట్లో మామూలుగా వదలాలి. మొదటి రెండింట్లో అంత తేలిగ్గా వదలకపోవచ్చు. మొదటిదానితో నాకు పేచీ లేదు. రెండోది మా సరిహద్దులో బరువైన మాట. ఒక్క బండి ఉన్న మనిషి డ్రైవరును పెట్టుకోకుండా ఎలా? పిన్ని ఘాట్ రోడ్డు మీద పికప్ నడపగలదా? డ్రైవరు సాలూరులో ఏం ఎక్కించుకున్నాడో ఆమెకు తెలిసే దారి ఏది? పది లారీలున్న సేఠుకు ఒక బండి ఆగితే తొమ్మిది తిరుగుతాయి. డ్రైవరు యజమాని చెయ్యి అన్నది నిజమే, కానీ ఎప్పుడూ కాదు. జీతాల చిట్టా, ఫోను మాటలు, అంతకు ముందు ప్రయాణాలు చూస్తే ఎక్కువసార్లు తెలిసిపోతుంది. ఆ రకం కేసుల్లో పై కోర్టు మొత్తానికి వదలవద్దని అనడం కంటే యజమానికి తెలుసనడానికి కాగితం మీద ఏముందో చూపించమనడం న్యాయమనుకుంటున్నాను.

ఇంకో అభ్యంతరం దగ్గర మాత్రం నేను పూర్తిగా తల వంచుతాను. బీమా లేని బండి ఒకరిని చంపితే, ఆ కుటుంబానికి పరిహారం వచ్చే ఒకే ఒక దారి ఆ బండి. అలాంటి బండిని తగిన హామీ లేకుండా వదలకూడదన్న నియమం రాష్ట్రాలు పెట్టుకోవాలని సుప్రీంకోర్టు 2018లో చెప్పింది. ఏడేళ్ల కిందట రాయగడ రోడ్డు మీద మా బడి రోజుల స్నేహితుడు ఒకడు ఇలాగే పోయాడు. ట్రాక్టరుకు బీమా లేదు. వాయిదాకు వచ్చేసరికి ట్రాక్టరు లేదు, యజమాని లేడు. వాడి భార్య చేతిలో ఇప్పటికీ తీర్పు కాగితం ఉంది, రూపాయి లేదు. ఇలాంటి చోట పై కోర్టు స్టే ఇస్తే నేనే దండం పెడతాను. ఇక్కడా ప్రశ్న అదే, బండి తిరిగి వస్తుందా అని. జవాబు మాత్రం వేరు.

స్టే అడిగే వాడి నుంచీ

నేను కోరేది పెద్దది కాదు. యజమానికి నోటీసు ఇవ్వకుండా, ఆయన మాట వినకుండా విడుదల ఉత్తర్వు మీద స్టే ఇవ్వకూడదు. ఇస్తే దానికి ఒక తారీఖు ఉండాలి, నెల రోజులు అనుకుందాం, ఆ రోజు దాటితే దానంతట అదే రాలిపోవాలి. రివిజన్ చెల్లుతుందా అన్నది స్టే కంటే ముందు తేల్చాలి.

ఇంకొకటి కూడా అనుకున్నాను. బండి అడిగే వాడి నుంచి నాలుగు లక్షల పూచీకత్తు తీసుకుంటున్నారు కదా, బండి ఆపమనే వాడి నుంచి కూడా తీసుకోవాలి, రేపు ఓడిపోతే పది నెలల బాడుగ వాడు కట్టాలి అని. ఇది పెద్ద వకీలు గారికి చెప్పాను. ఆయన వెంటనే కాదనలేదు. ‘అవతలి పక్క చెయ్యి విరిగిన మనిషిని చూశావా?’ అని మాత్రం అన్నారు. చూశాను. ఆయనా కూలి మనిషే. ఎడమ చెయ్యి ఇప్పటికీ పూర్తిగా పైకి లేవదు. ఆ బండిని చూసిన ప్రతిసారీ ఆ రోజు గుర్తొస్తుందని ఒకసారి నా దుకాణం ముందే అన్నాడు. ఆయన దగ్గర లక్షలు అడిగితే ఆయన తలుపు మూసినట్టే. పూచీకత్తు సంగతి నాకు ఇంకా తెగలేదు. ప్రభుత్వం తరఫున వేసే రివిజన్లలో మాత్రం ఆలస్యానికి ప్రభుత్వమే నష్టం కట్టాలన్న దగ్గర నాకు అనుమానం లేదు.

ఈ ఫిబ్రవరిలో పిన్ని కేసు విచారణకు వచ్చింది. సాక్షి బండిని గుర్తుపట్టాలి, తెమ్మన్నారు. పొద్దున్న తొమ్మిదిన్నరకు నేను దుకాణం తెరిచేసరికి పికప్ గేటు ముందు నిలబడి ఉంది. కొత్త టైర్లు, పాత రంగే. పిన్ని ముందు సీట్లో టిఫిను డబ్బా ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. గుమాస్తా వచ్చి చాసిస్ దగ్గర వంగి చూసి, అయిదు అంకెలు కనబడటం లేదని రాసుకుని, ఇంజను నంబరుతో, 2024లో తీసిన ఫోటోలతో సరిపోల్చుకున్నాడు. సాక్షి గుర్తుపట్టాడు. పన్నెండు గంటలకు పంపేశారు. సెమిలిగుడలో సరుకు ఎదురు చూస్తోందని పిన్ని నా దగ్గర టీ కూడా తాగకుండా వెళ్లిపోయింది.

ఏపీ-35 మోటారు సైకిలు మాత్రం ఠాణా గోడ పక్కన అలాగే ఉంది. వానలు పడకముందే వచ్చి నంబరు అచ్చయినా తీయించుకోమని ఆ అబ్బాయికి నందపూర్ బస్సు కండక్టరు చేత కబురు పంపాను.